అమ్మ మింగిన అక్షరం

సోమవారం, మధ్యాహ్నం

కోపం తగ్గని అక్కకి,

నీ ఉత్తరం అందింది. ఉత్తరం అంటే పెద్దమాట, ఉన్నవి నాలుగు వాక్యాలు. "అమ్మ చాలు అంటుంటే నువ్వు కెమెరా ఆపలేదు. ఆ ముక్క తీసెయ్. తియ్యకపోతే ఆ పెట్టె పట్టుకుని ఈ గడప తొక్కొద్దు. అమ్మ మందులు మారాయి, వెనక రాశాను." వెనక్కి తిప్పితే నిజంగానే మందుల పేర్లు. చెల్లెల్ని ఇంట్లోంచి వెలివెయ్యడానికి ఒక కాగితం పూర్తిగా వాడటం నీకు దండగ అనిపించినట్టుంది.

ఫోను చేద్దామనుకుని మానేశాను. ఫోనులో మనిద్దరం నాలుగో మాట దాటాక మంచిగా మాట్లాడుకున్న రోజు లేదు. నువ్వు "చెప్పు" అంటావు, నేను మొదలుపెట్టగానే "ఆగు" అంటావు. కాగితం మీదైతే నువ్వు మధ్యలో రాలేవు. అందుకని ఈసారి నేను చెప్పేది మొత్తం విను, తర్వాత ఎలాగూ తిడతావు.

నా పని నీకు మొదటినుంచీ గిట్టదు. "ఇంట్లో ఒకరికి జబ్బు చేస్తే డాక్టరు వెళతాడు, చుట్టాలు వెళతారు, మధ్యలో నువ్వెందుకే" అని నువ్వడిగి పదేళ్ళయింది. జబ్బు ఉన్న ఇళ్ళకు వెళతాను, నెలల తరబడి ఒక మూల కూర్చుంటాను, వాళ్ళు నన్ను కుర్చీని మర్చిపోయినట్టు మర్చిపోయేదాకా ఆగుతాను, ఆ తర్వాత తీస్తాను. అలా ఆరు సినిమాలు అయ్యాయి. ఏడోది మన ఇల్లు. ఊళ్ళో అందరి అమ్మల జబ్బులూ చూపించి మన అమ్మను మాత్రం దాచుకోవడం న్యాయం కాదనిపించింది. నువ్వూ ఒప్పుకున్నావు. "వంటింట్లో నాకు అడ్డం రాకుండా తీసుకో" అన్నావు. నెలకో వారం చొప్పున పద్నాలుగు నెలలు వచ్చాను. నువ్వు స్టాండు తట్టుకుని బోర్లా పడ్డ ఆ ఒక్కరోజు తప్ప ఎప్పుడూ అడ్డం రాలేదు.

ఇప్పుడు ఆ ముక్క సంగతి. పక్షవాతం తర్వాత అమ్మకు మాట తిరిగొచ్చింది గానీ తోక లేకుండా వచ్చింది. ప్రతి మాటలోనూ చివర మింగేస్తుంది. దుప్పటి "దుప్పట్", కిటికీ "కిటిక్", మీరంతా నస అని పిలిచే నేను "నస్". మనకు అలవాటైపోయింది. బయటివాళ్ళకు బోధపడదు. అందుకే సినిమాలో అమ్మ నోరు విప్పినప్పుడల్లా తెర కింద అక్షరాలు వేశాను. మింగిన తోకలన్నీ నేనే అతికించాను. వారం రోజులు వేరే పని లేకుండా అదే పని. ఎన్నో మాటలకు నాకే అనుమానం వస్తే నీకు వినిపించి అడిగాను కూడా. ఆఖరి మాట మాత్రం అడగలేదు.

ఆఖరి షాట్లో అమ్మ "చాల్" అంటుంది. నేను కింద "ఇక చాలు. నాకింతే చాలు" అని వేశాను. నలభై సెకన్ల పాటు అమ్మ ముఖం ఒక్కటే తెర నిండా ఉంటుంది. ఆ తర్వాత సినిమా అయిపోతుంది. నువ్వు ఆ మాటలో "ఆపు" అని విన్నావు. నేను తృప్తి విన్నాను.

నువ్వే ఆలోచించు. చాలు అనేది మన ఇంట్లో ఎలాంటి మాట? అమ్మ ఇరవయ్యారేళ్ళు హాస్టల్ క్యాంటీన్లో వడ్డించింది. పిల్లలు ఆమెకు గరిటమ్మ అని పేరు పెట్టారు. పెట్టేవాళ్ళ చెయ్యి తనంతట తాను ఆగకూడదని ఆమె చట్టం. తినేవాళ్ళు నోరు తెరిచి చాలు అనేదాకా గరిటె ఎత్తి పట్టుకునే నిలబడాలి. ముందే ఆపేస్తే వాళ్ళ ఆకలి ఎంతో మనమే తీర్మానించినట్టు అవుతుందట. గుర్తుందా, నాకు ఏడేళ్ళప్పుడు కిటికీ బయట పిల్లి గోడ దిగడం చూస్తూ నేను పలకలేదు. అమ్మ ఆపలేదు. కూర కంచం నిండి, బల్ల మీదకు పొర్లి, నా గౌను మీదకు వచ్చింది. అప్పుడు కూడా అమ్మ గరిటె దించకుండా "అడుగుతున్నాను కదే, చెవుడా" అంది. నువ్వు కుర్చీలోంచి పడి మరీ నవ్వావు. ఆ ఇంట్లో పెరిగినదాన్ని నేను. మనకు చాలు అంటే ఆపమని కసురుకోవడం కాదు, కడుపు నిండిందని చెప్పడం. అమ్మ కూడా అదే చెప్పింది.

సినిమాను పెద్ద ప్రదర్శనకు ఎంపిక చేశారు. వచ్చే శుక్రవారం లోపు చివరి కాపీ ఇవ్వాలి. ఆ షాట్ తీసేస్తే మిగిలేది ఒక ఆడమనిషి మందులు వేసుకోవడం, మెట్లు దిగడం, చొక్కా బొత్తాలు పెట్టుకోవడం నేర్చుకోవడం. అదంతా నిజమే గానీ ఎక్కడికీ చేరదు. ఇప్పటిదాకా చూసిన నలుగురూ ఆ షాట్ దగ్గరే కళ్ళు తుడుచుకున్నారు. మా సౌండు చూసే ఆయన సొంత పెళ్ళి ఫొటోల్లో కూడా నవ్వని మనిషి, ఆయన సైతం జేబురుమాలు తీశాడు. నేను దాన్ని తియ్యను అక్కా. గడప తొక్కొద్దంటే కిటికీలోంచి వస్తాను.

కొత్త మాత్రల్లో తెల్లది తిన్నాక వెయ్యాలి, తినకముందు కాదు. నువ్వు తిరగేసి రాశావు, డాక్టరును అడిగి చూడు.

నీ నస


ఆదివారం, ఉదయం

అక్కా,

ఈసారి నువ్వు ఒకే ఒక్క వాక్యం రాశావు. "ఆ గదిలో ఉన్నది నువ్వు, నేను కాదు, కాబట్టి అమ్మ ఏమందో నాకు చెప్పకు, నీకు చెప్పుకో." వెనక్కి తిప్పి చూశాను. మందులు కూడా లేవు. ఆ ఖాళీ వైపే నన్ను ఎక్కువ భయపెట్టింది.

రెండు రోజులు ఎడిటింగు గదిలో కూర్చుని ఆ నలభై సెకన్లు చూశాను. ఎన్నిసార్లని అడక్కు. ఇప్పుడు రాసేది ఇంతకుముందు ఎవరికీ చెప్పలేదు. పోయినసారి రాసిన ఉత్తరం నీకు అబద్ధంలా అనిపించి ఉంటుంది. అబద్ధమే.

ఆ రోజు ఏం జరిగిందో చెబుతాను. నువ్వు నీ కళ్ళజోళ్ళ షాపుకి వెళ్ళావు. పదిన్నర. వంటింట్లో బల్ల దగ్గర అమ్మ, ఎదురుగా నేను. ఎడమ పక్క కిటికీలోంచి వెలుతురు సరిగ్గా చెంప మీద పడుతోంది. మాటలు నేర్పే టీచరమ్మ ఆ వారం అమ్మకు ఒక అభ్యాసం ఇచ్చింది. ఏదైనా ఒక సంగతి మొదలునుంచి చివరిదాకా, తొందరపడకుండా, ఎవరికైనా చెప్పాలి. పెళ్ళి సంగతో క్యాంటీన్ సంగతో చెబుతుందనుకున్నాను. అమ్మ తను పడిపోయిన రోజు సంగతి ఎంచుకుంది. నేను అడగలేదు. ఈ మాట మాత్రం నమ్ము.

ఇరవై రెండు నిమిషాలు చెప్పింది. ముందు స్టవ్ కట్టేసిందట. కాలు తేలిపోతోందని తెలిసి కూడా ముందు స్టవ్ కట్టేసి అప్పుడు పడింది. నేల చల్లగా ఉందట. చెంప నేలకు ఆనుకుని ఉంటే ఫ్రిజ్ కింద నీ నీలం చొక్కా బొత్తాం కనపడిందట, నువ్వు ఇల్లంతా వెతికి తప్పు నా మీద వేసినది. అది చెప్పి నవ్వింది. సినిమాలో అదంతా ఉంది, నువ్వు చూశావు. ఆ తర్వాత "ఫోన్ చేస్" అంది. అక్కడ ఆగిపోయింది. నా వైపు చూసింది. ఎంతోసేపు చూసి "చాల్" అంది. అప్పుడు నేను కెమెరా ఇంకా దగ్గరికి జరిపాను. ముఖం తప్ప ఇంకేమీ కనపడనంత దగ్గరికి. భుజం వణకడం అంచులో కొంచెం కనిపిస్తుంది. కళ్ళు నన్నే పట్టుకుని ఉన్నాయి. నలభై సెకన్లు.

నేను విన్నది తృప్తి కాదు అక్కా. "ఇక్కడితో ఆపుదాం" అని విన్నాను. అప్పుడే, ఆ క్షణంలోనే విన్నాను. ఎందుకంటే అమ్మ ఆ ఫోను ఎవరికి చేసిందో నాకు తెలుసు.

నాకు చేసింది. ఆ రోజు నేను డ్రాయింగు మాస్టారి ఇంట్లో ఉన్నాను, మతిమరుపు వచ్చిన ఆయన మీద ఆరో సినిమా తీస్తూ. ఆయన మూడు వారాల తర్వాత మొదటిసారి భార్య పేరు గుర్తు చేసుకోబోతున్నారు. పెదవులు కదులుతున్నాయి. నా జేబులో ఫోను కొట్టుకుంది. తీసి చూశాను, అమ్మ. పదకొండు దాటి పది నిమిషాలు. తర్వాత చేద్దాంలే అని కట్ చేశాను. ఎక్కడ కట్ చెయ్యాలో తెలియడమే నా ఉద్యోగం, అందరూ మెచ్చుకునేదీ అందుకే. మాస్టారు పేరు చెప్పారు, షాట్ బాగా వచ్చింది. నువ్వు భోజనానికి ఇంటికొచ్చేదాకా అమ్మ నేల మీదే ఉంది. రెండు గంటలు. ముందే తీసుకొస్తే కుడి చెయ్యి కొంత దక్కేదేమోనని ఆస్పత్రిలో డాక్టరు అంటే నువ్వు నా భుజం పట్టుకుని ఏడ్చావు. నేను దొంగకు తేలు కుట్టినట్టు నిలబడ్డాను.

ఈ సినిమా మొదలుపెట్టిందే అందుకు. న్యాయం అనీ, ఊళ్ళో అమ్మలు అనీ రాసినదంతా పైపై మాట. నెలకో వారం అమ్మ ఎదురుగా కూర్చుంటే ఎప్పుడో ఒకప్పుడు ఆమె ఆ సంగతి ఎత్తుతుంది, తిడుతుంది, తిట్టాక నాకు తేలికవుతుంది అనుకున్నాను. పద్నాలుగు నెలలూ ఎత్తలేదు. ఎత్తిన రోజున "ఫోన్ చేస్" దగ్గర ఆగి, నా ముఖం చూసి, చాలు అంది. నన్ను కాపాడదామని ఆపేసిందని అర్థమైంది. ఆపమని అడుగుతోందని కూడా అర్థమైంది. అయినా నేను కెమెరా ఆపలేదు. ఆ చూపు నాకు కావలసి వచ్చింది. ఎడిటింగులో కూర్చున్నాక "నాకింతే చాలు" అని రాశాను. నాకు కావలసిన మన్నింపు నేనే రాసుకుని అమ్మ ముఖం కింద అంటించాను. జనం దాన్ని చూసి ఏడ్చారు. అమ్మకు మాత్రం ఇంతవరకూ చూపించలేదు. ఎందుకు చూపించలేదని నువ్వడిగితే కంప్యూటరు బాగాలేదన్నాను, గుర్తుందా. కంప్యూటరుకు ఏమీ కాలేదు.

నిర్ణయం చెప్పి ఆపుతాను. ఆ ముక్క తియ్యడం లేదు, సినిమా మొత్తమే వెనక్కి తీసుకుంటున్నాను. శుక్రవారం పొద్దున వాళ్ళకు చెప్పేస్తాను. ఇక ఎవరి ఇంట్లో జబ్బునూ తీయను. సౌండాయన వాళ్ళ అన్నగారికి ప్రకటనలు తీసే ఆఫీసు ఉంది, సబ్బులకూ టైల్సుకూ మనసు నొచ్చుకోదు, అక్కడ చేరతాను. నీకు ఈ ఫోను సంగతి తెలిశాక నా ముఖం చూడాలని ఉండకపోవచ్చు. అది నీ ఇష్టం. అమ్మకు చెప్పాలో వద్దో కూడా నువ్వే తేల్చు. నాకు ఆ ధైర్యం లేదు.

నస


బుధవారం

నసా,

మా షాపుకి అద్దాలు తెచ్చే వ్యాను మీ ఊరిమీదుగా వెళుతుంది. డ్రైవరు చేతికిచ్చి పంపుతున్నాను, రేపు సాయంత్రానికి నీకు అందుతుంది. శుక్రవారం లోపు చదువు. ఫోను చేస్తే నువ్వు ఏడుస్తావు, నేను తిడతాను, అసలు సంగతి మిగిలిపోతుంది.

ముందు ఫోను సంగతి. నువ్వు ఇప్పుడు చెప్పావు గానీ నాకు ఆ రోజే తెలుసు. ఆస్పత్రిలో అమ్మ సంచీ, చెప్పులు, ఫోను నా చేతిలో పెట్టారు. ఫోనులో చూశాను. పదకొండు పదికి నీ పేరు ఉంది. దాని కింద, పదకొండు ఐదుకి, నా పేరు ఉంది. అమ్మ ముందు నాకే చేసింది. నేను ఒక పెద్దాయన్ని అక్షరాల బోర్డు ముందు కూర్చోబెట్టి కింది వరుస చదవమంటున్నాను. ఫోను గల్లా పక్కన మోగింది. కస్టమరు ఎదుట ఎత్తకూడదని ఓనరు రూలు. ఎత్తలేదు. తర్వాత చూసుకుని, ఇంకో గంటన్నరలో ఇంటికెళతాను కదా అనుకున్నాను. నువ్వు పది మైళ్ళు కాదు, వంద మైళ్ళ దూరంలో ఉన్నావు. నేను రెండు వీధుల అవతల ఉన్నాను. డాక్టరు ఆ మాట అన్నప్పుడు నేను ఏడ్చింది అందుకు. నీ నోట్లో నువ్వుగింజ నానదనుకునేదాన్ని, ఏడాదిన్నర దాచావు. నేనూ దాచాను. నువ్వు చెబుతావేమో, చెప్పాక నేను చెబుదామని చూశాను. ఇద్దరం ఒకే మూకుడు కింద వేలు కాల్చుకుని ఒకళ్ళకొకళ్ళం చెప్పుకోలేదు. దాని గురించి ఇంతకంటే రాయను. కూర్చుని మాట్లాడుకోవాలి.

ఇప్పుడు రెండో సంగతి. నీ ఉత్తరం నిన్న వచ్చింది. అమ్మకు చెప్పాలో వద్దో నన్ను తేల్చమన్నావు. నేను తేల్చలేదు, ఆమెకే చూపించాను. షాపు కంప్యూటరు అడిగి తెచ్చి, ఈరోజు సెలవు పెట్టి, పొద్దున కాఫీ అయ్యాక బల్ల మీద పెట్టాను. కళ్ళజోడు తుడిచి పెట్టాను. "అమ్మా, ఇది నీ సినిమా, నీకు నచ్చకపోతే చెప్పు, తీసేస్తాం" అన్నాను. ఆ మాట నువ్వే చెప్పి ఉండాల్సింది.

ఆవిడ చూసిన విధానం కూడా చెప్పాలి. మొదటి అరగంట ముఖం ఎవరిదో అన్నట్టు చూసింది. మెట్లు దిగే చోట తనకు తానే "మెల్లగ్" అని చెప్పుకుంది. నేను స్టాండు తట్టుకుని పడ్డది పెట్టావు చూడు, అక్కడ పొట్ట పట్టుకుని నవ్వింది, వెనక్కి తిప్పమని మళ్ళీ చూసింది. ఒకచోట వెనకాల తోమని గిన్నె కనపడుతుంది. తెర మీద వేలు పెట్టి చూపించి నన్ను ఎలా చూసిందంటే, ఆ గిన్నె జనం అందరికీ కనపడబోతోందని నాకు అప్పుడు తెలిసింది. ఇంట్లో ఉన్నవాళ్ళకు ఒకమాట చెప్పి తియ్యొచ్చు కదా.

ఆఖరి ముక్క వచ్చింది. కింద నీ అక్షరాలు వచ్చాయి. అమ్మ కూడబలుక్కుని చదివింది. "కాద్" అంది. నేను ఆపాను. "చాలు అనలేదా అమ్మా? కెమెరా ఆపమన్నావా?" అన్నాను. మళ్ళీ "కాద్" అంది. ఏదో చెప్పబోయింది, రాలేదు. విసుగొచ్చి కర్ర పట్టుకుని లేచింది. వంటింట్లో సొరుగు లాగి, గరిటె తీసుకుని వచ్చి నా నెత్తిన నిలబడింది. ఎడమ చేత్తో గరిటె ఎత్తి, నా ఒడి మీద కొంచెం వంచి, "చాల్" అంది.

నేను "ఏం వండమంటావు?" అన్నాను.

గరిటెతో నెత్తిన ఒకటి పెట్టింది. మెల్లగానే. మళ్ళీ ఎత్తింది. కనుబొమ్మలు పైకెత్తి, మణికట్టు వంచి, నా ముఖంలోకి చూస్తూ "చాల్" అని అక్కడే ఆగిపోయింది. చెయ్యి దించదు. భుజం వణుకుతోంది. అప్పుడు తెర మీద ఆగిపోయి ఉన్న ముఖం చూశాను, నా మీదకు వంగిన ముఖం చూశాను. రెండూ ఒకటే.

చాలు కాదే. "చాలా?" అంటోంది.

అడుగుతోంది. ఇరవయ్యారేళ్ళు కంచం కంచం దగ్గరా ఆగి అడిగిన మాట. "ఇంత చెప్పాను, నీకు చాలా, ఇంకా కావాలా" అని నిన్ను అడిగింది. నువ్వు పలకలేదు. పలక్కపోతే ఆవిడ చెయ్యి దించదు కదా, నలభై సెకన్లు ఎత్తి పట్టుకునే ఉంది. నువ్వేమో కెమెరా ముఖం మీదకు తీసుకెళ్ళావు. చెయ్యి నీ ఫ్రేములో లేదు. ఫ్రేము ముక్కు మీద సరిగా కూర్చోకపోతే ఎంత మంచి అద్దమైనా దండగని రోజుకు పదిమందికి చెబుతాను నేను. ఆ మాట సొంత చెల్లెలికి ఎప్పుడూ చెప్పలేదు.

నిన్నొక్కదాన్నీ అనడం లేదు. మా షాపులో బోర్డు ముందు కూర్చున్నవాళ్ళు ఆఖరి వరుస కనపడకపోయినా కనపడలేదని చెప్పరు. తోచిన అక్షరం పెట్టి చదివేస్తారు. ఎవరి మనసులో ఉన్న అక్షరం వాళ్ళు చదువుతారు. నువ్వు మన్నింపు చదివావు. నేను మాత్రం తక్కువ తిన్నానా? అమ్మను నువ్వు విసిగించి చంపుతున్నావని చదివాను. ఎందుకంటే నాకు అలా తోచింది, రోజూ పొద్దున్నే ఆవిడకు మాత్రలు మింగించి, చేతులు వంచి, కాళ్ళు చాపించి విసిగించేది నేను కాబట్టి. ఆవిడ నాతో ఎప్పుడూ చాలు అనదు. అనాలని లోపల ఉందేమోనని నా భయం. అది నీ సినిమాలో విన్నాను.

ఫోను గురించి కూడా అడిగాను. అడక్కుండా ఉండలేకపోయాను. "ఫోన్ చేస్ అని ఎందుకు ఆగావు?" అన్నాను. గరిటె బల్ల మీద పెట్టి రెండు వేళ్ళు చూపించింది. ఇద్దరికీ చేశానని. "ఎత్తలేదు కదా మేం" అన్నాను. భుజం ఎగరేసింది. "పన్" అంది. పనిలో ఉన్నారులే అని. అంతే. అక్కడితో కథ అయిపోయిందట, అందుకే ఆగిందట. ఆ తర్వాత నేను ఆవిడను లేపి కూర్చోబెట్టిన సంగతో, అంబులెన్సు సంగతో ఆవిడకు తెలియదు, తెలియనిది చెప్పకూడదని టీచరమ్మ చెప్పిందట. ఆవిడ లెక్కలో ఆ రోజుకు అసలు విశేషం ఫోను కాదు, బొత్తాం. ఇప్పటికి నాలుగుసార్లు నాకు చూపించింది, ఫ్రిజ్ కింద ఎంత దూరాన ఉందో.

మనం తప్పు చెయ్యలేదని నేను అనడం లేదు. తప్పే. కానీ దాన్ని ఆవిడ మొయ్యడం లేదు, మనమే మోస్తున్నాం. ఆవిడ మీద పెట్టి సినిమాలో మోయించకు.

సినిమా వెనక్కి తియ్యకు. ఆ ముక్క కూడా తియ్యకు. తియ్యమని రాసింది నేనే, ఇప్పుడు వద్దంటున్నదీ నేనే, నవ్వితే నవ్వుకో. కింద అక్షరం మాత్రం మార్చు. ల కి కొమ్ము తీసేసి దీర్ఘం పెట్టు, పక్కన ప్రశ్న గుర్తు పెట్టు. "నాకింతే" అన్నది నీ మాట, అది కొట్టెయ్. సబ్బులూ టైల్సూ తర్వాత చూద్దాం. వాటికి మనసు నొచ్చుకోదు నిజమే, నీకు నొచ్చుకోవడానికి ఏమీ మిగలదు.

ఒకటి మర్చిపోయాను. గరిటె ఎత్తి పట్టుకుని ఉంది కదా, దించదు. చివరికి నాకు తట్టి, "చాలమ్మా, నాకు చాలు" అన్నాను. వెంటనే దించింది. హాయిగా ఊపిరి పీల్చుకుంది. అయిపోయిందనుకున్నాను. మళ్ళీ ఎత్తింది. ఈసారి నా వైపు కాదు, కంప్యూటరు వైపు. తెర మీద ఉన్నది తనే కదా, తనకు తనే వడ్డించుకుంటుందా అనుకున్నాను. కాదు. తెర లోపల తను ఎవరిని చూస్తోందో వాళ్ళ వైపు ఎత్తింది. కెమెరా వెనక నిన్ను. "చాల్" అంది.

అడగందే అమ్మైనా పెట్టదంటారు. మనమ్మ అడక్కుండానే పెట్టి, చాలా అని తనే అడిగి, ఇన్నాళ్ళుగా గరిటె ఎత్తి పట్టుకుంది. దానికి నేను బదులు చెప్పలేను, నీ ఆకలి ఎంతో నాకు తెలియదు. వచ్చి నువ్వే చెప్పు. చాలనైనా చెప్పు, ఇంకొంచెం అనైనా చెప్పు. కెమెరా తెచ్చుకుంటే తెచ్చుకో, గడప తొక్కొద్దన్న మాట వెనక్కి తీసుకున్నాను. వచ్చేటప్పుడు ఈసారి పిల్లిని చూస్తూ కూర్చోకు.

తెల్లమాత్ర తిన్నాకే. నువ్వు చెప్పింది నిజమే.

అక్క